మూగపలుకులు

ఎండకారు, 11వ రోజు

మూడో గదిలో ఇవాళ ఇంకో ఏడు పలుకులు మూగబోయాయి.

పొద్దున్నే పొడిగుడ్డతో ఒక్కొక్కటే తుడిచి, రెండు అరచేతుల మధ్య పెట్టుకుని వంద లెక్కపెట్టాను. మామూలుగా ముప్పై దాకా వచ్చేసరికే ఉప్పు వెచ్చబడి లోపలి గొంతు మొదలవుతుంది. ఈ ఏడూ గులకరాళ్లలా చల్లగా ఉండిపోయాయి. శాల పుస్తకంలో ప్రతి పలుకుకీ ఎదురుగా స్పష్టం, మసక, మూగ అనే మూడింటిలో ఏదో ఒకటి రాయాలి. ఏడుసార్లు 'మూగ' అని రాసి సంతకం పెట్టాను. మధ్యాహ్నం అన్నం తిని వచ్చేసరికి ఆ పేజీ లేదు. దాని చోట కొత్త పేజీ కుట్టి ఉంది. నా దస్తూరీలాగే ఉండేటట్టు ఎవరో శ్రమపడి ఏడుసార్లు 'స్పష్టం' అని రాశారు. నా సంతకం కూడా వాళ్లే పెట్టేశారు.

అందుకని ఈ రెండో పుస్తకం. ఇది శాలది కాదు, నాది.

నా పేరు నూకరత్నం. ముప్పై నాలుగేళ్లు. ఉప్పరేవు నిలుపుశాలలో పలుకుల కాపరిని. సముద్రం పోటు వచ్చే మా తెలిమడుగు నీళ్లను పళ్లెంలో పోసి, అవి గడ్డకట్టే వేళ పక్కన కూర్చుని ఒక కథ చెబితే ఆ కథ ఉప్పులో నిలిచిపోతుంది. పిడికిట్లో పట్టేంత పలుకు అవుతుంది. శాలలో అలాంటివి నాలుగు వేల పైచిలుకు ఉన్నాయి. వాటిని తుడవడం, తేమ తగలకుండా కుంపట్లు మార్చడం, వంతు వచ్చినవాళ్ల చేతుల్లో వాళ్ల పలుకు పెట్టడం, విన్నాక తీసుకుని గూట్లో సర్దడం నా పని.

పని మొదలుపెట్టే ముందు రోజూ అందరం నిలబడి నిలుపుమాట చెప్పుకోవాలి. "కథ నోళ్లలో చచ్చిపోతుంది. ఒక నోరు పెంచుతుంది, ఒక నోరు తుంచుతుంది. ఒక్క గొంతులో ఒక్కసారి నిలిచిన కథకు చావు లేదు. కథకు చావు లేకపోతే కథలోని మనిషికీ చావు లేదు." ఒకసారి ఉప్పులో నిలిచిన కథను మళ్లీ ఎవరూ నోటితో చెప్పకూడదు. చెబితే కథను చంపినట్టే, అందులోని మనిషిని రెండోసారి చంపినట్టే. శిక్షగా మడుగు అవతలి ఒడ్డుకు పంపేస్తారు, తిరిగి రానివ్వరు.

ఈ మాటలు పదిహేడేళ్లుగా మనసారా చెబుతున్నాను. ఇవాళ చెబుతుంటే మాత్రం నిన్న మూగబోయిన నాలుగూ గుర్తొచ్చి చివరి వాక్యానికి పెదవులే కదిపాను.

ఎండకారు, 12వ రోజు

వేదాద్రి గారి దగ్గరికి వెళ్లాను. శాలకు పెద్ద ఆయనే. కథల్ని ఉప్పులో నిలిపేవాడు కాబట్టి ఊరంతా నిలుపరి గారు అంటారు. అరుగు మీద కూర్చుని తమలపాకుల ఈనెలు తీస్తున్నారు.

"ఏడు కాదండీ. ఈ నెలలోనే అరవై మూడు. నా లెక్కకి మొత్తం తొమ్మిది వందలు దాటాయి," అన్నాను.

"నీ చేతులు చల్లగా ఉన్నాయేమోనమ్మా."

"పదిహేడేళ్లుగా ఇవే చేతులండీ."

"అయితే మనసు చల్లబడి ఉంటుంది. వినేవాళ్ల నమ్మకమే పలుకుకి వేడి."

"పేజీ ఎవరు చింపారండీ?"

"నేనే." ఏమాత్రం తడుముకోలేదు. ఇంకో ఆకు తీసుకున్నారు. "మూగ అని రాశాక ఆ ఇంటివాళ్లకి ఏమని చెబుతావు? మీ ఆయన ఇన్నాళ్లూ బతికే ఉన్నాడు, మొన్న మంగళవారం చచ్చిపోయాడు అని చెబుతావా? చెప్పగలవా?"

చెప్పలేను. నేను చెప్పలేనని ఆయనకి తెలుసు. నాకు ఒళ్లు మండింది అందుకే.

"అది సరే గానీ, పదకొండుమంది పలుకు ఎలా ఉంది?" అని అడిగారు.

 "మసకండీ."

"జంట పున్నమికి దాన్ని మళ్లీ పోద్దాం. అప్పుడు నువ్వే చెప్పావు, ఇప్పుడూ నువ్వే చెప్పాలి. ఏం చెప్పాలో రాసి ఉంచాను, కంఠతా పట్టు." నాలుగు కాగితాలు చేతికిచ్చారు.

రెండు చందమామలూ ఒకేరోజు నిండే జంట పున్నమి నాడు మడుగు నీరు చిక్కగా ఉంటుంది. కథలు బాగా నిలుస్తాయి. పోటు కూడా ఆ రోజే పెద్దది. పదహారేళ్ల కిందట అలాంటి రోజునే మధ్యాహ్నం పోటు దిగువ ఉప్పుమళ్లలోకి దూసుకొచ్చింది. అక్కడ పని చేస్తున్న పదకొండుమంది ఆడవాళ్లు కొట్టుకుపోయారు. అందులో మా అమ్మ అప్పలకొండ ఒకతె. అప్పటికి నేను శాలలో చేరి ఏడాది, పద్దెనిమిదేళ్లు. నెల తిరక్కుండానే వేదాద్రి గారు నన్ను పళ్లెం ముందు కూర్చోబెట్టి ఆ కథ నా చేత చెప్పించారు. "మీ అమ్మకి ఇంక చావు లేదు" అన్నారు. ఆయన కాళ్ల మీద పడ్డాను.

ఎండకారు, 19వ రోజు

కాగితాలు చదివాను. మళ్లీ చదివాను.

పలుకులో నా గొంతు చెప్పేది ఇది: "పోటు ముందే వచ్చింది. గంట వినిపించలేదు." కొత్త కాగితంలో ఉన్నది ఇది: "పోటుగంట మోగింది. మాటల్లో పడి వాళ్లు వినలేదు."

మాటల్లో పడి! పీకల్లోతు ఉప్పునీళ్లలో చచ్చిపోయిన ఆడవాళ్లు కబుర్లు చెప్పుకుంటూ కూర్చున్నారట. కాగితాలు చింపి కుంపట్లో వేద్దామనుకున్నాను. వేయలేదు, ఆయన చేతిరాత కదా, దగ్గర ఉండనీ అనుకున్నాను.

మా అమ్మ అలాంటి మనిషి కాదు అని గట్టిగా పైకే అన్నాను. అన్నాక, మరి ఎలాంటి మనిషి అని ఆలోచించాను. ఎంతసేపు ఆలోచించినా పలుకులో ఉన్న ముక్కే వచ్చింది: "నా తల్లి అప్పలకొండ, ఓర్పుగల ఇల్లాలు." ఇంకేమీ రాలేదు.

ఎండకారు, 30వ రోజు

ఇవాళ మా చెల్లెలు ముత్యాలు వంతు. ఏడాదికి ఒక్కసారే వస్తుంది. అమ్మ పోయినప్పుడు దానికి మూడేళ్లు. దానికి తెలిసిన అమ్మంతా ఆ పలుకే. ఇప్పుడు ఎనిమిదో నెల. కాళ్లు వాచిపోయి, మెట్లెక్కడానికి నా భుజం పట్టుకుంది.

"అప్పా, లోపలున్నది కూడా వింటాదట కదే. మాయత్త సెప్పింది," అంది పొట్ట మీద చెయ్యి వేసుకుని.

పలుకు చేతిలో పెట్టాను. ముప్పై అయింది, యాభై అయింది. ఎనభై దగ్గర చిన్న బుసలాంటి చప్పుడు వచ్చింది. "...వినిపించలేదు" అన్న మాట ఒక్కటి బయటికొచ్చింది. నా గొంతే, పద్దెనిమిదేళ్ల గొంతు. తర్వాత ఏమీ లేదు. ముత్యాలు రెండు వందల దాకా పట్టుకునే కూర్చుంది. 

"ఏటయిందప్పా? నా సేతులు సల్లగున్నాయా?"

ఆ మాట దాని నోట విన్నాక నాకు ఎవర్నైనా కొట్టాలనిపించింది. అది తన చేతుల్ని చీరకేసి రుద్దుకుంటోంది. ఉఫ్ ఉఫ్ అని ఊదుకుంటోంది.

"నీ చేతులు బాగానే ఉన్నాయి. పలుకు పోయింది," అన్నాను.

"పోడమేటి? అమ్మ పోడమేటప్పా?" తలుపు వైపు ఓసారి చూసింది. ఆ తర్వాత గొంతు బాగా తగ్గించి, "పోనీ నువ్వు సెప్పు. ఎవులూ లేరు కదా. అమ్మ ఎలాగుండేది? నవ్వితే ఎలాగుండేది?" అంది.

నిలుపుమాటను పక్కన పెట్టి నోరు తెరిచాను. పలుకులోని వాక్యాలు వరసగా వచ్చాయి, సగం దాకా. ఆ తర్వాత అవి కూడా రాలేదు. పదహారేళ్లలో ఒక్కసారైనా నోటితో చెప్పుకుని ఉంటే ఏదో ఒక ముక్క మిగిలేది. చెప్పుకోలేదు. చెప్పుకునేవాళ్లని చెప్పుకోనివ్వలేదు కూడా.

ముత్యాలు లేచి, నా భుజం పట్టుకోకుండానే మెట్లు దిగి వెళ్లింది.

ఎండకారు, 33వ రోజు

మడుగు దాటి అవతలి ఒడ్డుకు వెళ్లాను. అక్కడ పైడమ్మ ఉంటుంది. మా పాత పక్కింటావిడ. పోటు వచ్చిన ఆరేళ్ల తర్వాత కూడా వీధిలో అడిగినవాళ్లకీ అడగనివాళ్లకీ పదకొండుమంది కథ తనకి తోచినట్టు చెబుతుండేది. "గంట కొట్టలేదు" అనేది. మా అమ్మను రెండోసారి చంపుతోందని నేనే శాలలో ఫిర్యాదు చేశాను. పెద్దల ముందు నిలబడి ఆమెను వేలెత్తి చూపించాను. ఇక్కడికి పంపేశారు. పదేళ్లయింది.

గుడిసె ముందు చేపలు ఎండబెడుతోంది. తల ఎత్తి చూసి, చూపు దించేసింది.

"ఇంకేటి మిగిలిందని వొచ్చినావు? నాలిక కూడా కోసుకెళ్దామనా?"

"అత్తా, మా అమ్మ గురించి చెప్పు."

"సెప్తే పాపం కదేటే? సంపినట్టు కదా? నువ్వే కదా సెప్పినావు పెద్దల కాడ."

"నేనే చెప్పాను. ఇప్పుడు నేనే అడుగుతున్నాను. పలుకు మూగబోయిందత్తా. నాకు అమ్మ ముఖం కూడా తెలీడం లేదు."

పైడమ్మ చేతిలోని చేపను గంపలోకి విసిరికొట్టింది. చాలాసేపు నన్ను తిట్టింది. ఆ తిట్లన్నీ ఇక్కడ రాయను, వాటిలో ఒక్కటి కూడా అన్యాయమైనది లేదు. తిట్టి తిట్టి అలిసిపోయి గడపలో కూలబడింది.

"మీయమ్మ పొట్టిది," అంది. "పొట్టిది, కోపిష్టిది. సుట్ట నిప్పుకొస నోట్లో ఎట్టుకుని అడ్డపొగ ఏసీది. మడిగట్టు మీద ఎవులైనా తడి కాళ్లతో నడిసినారంటే పార తిరగేసి తరిమీది. పాట ఒక్కటీ సరిగ్గా రాదు, గొంతు మాత్రం ఊరంతా ఇనపడీది. నీకు జొరమొస్తే మూడు దినాలు నిన్ను సంకనేసుకునే ఉప్పు తోడింది. ఏడేళ్ల గుంటవి నువ్వు, కాళ్లు కింద జీరాడుతుండీవి."

నేను ఏడవలేదు. ఓర్పుగల ఇల్లాలట! ఓర్పు, మా అమ్మకి! ఆ మాట నా నోట్లో పెట్టినవాడి మీద కోపంతో దవడలు నొప్పెట్టాయి.

"గంట సంగతి చెప్పు."

"కొట్టలేదు. ఏటుంది సెప్పడానికి? తూము కాడ మాయన అసిరయ్య పోటు సూసినాడు. గంటేమో మీ శాల గోపురం మీద. పరిగెత్తుకెళ్లి తలుపు బాదినాడు. నాను ఎనకాలే ఉరికి మెట్ల కాడ నిలబడినాను. లోపల మీ పెద్దాయన తన గురువు కత నిలుపుతున్నాడు, సప్పుడు కూడదు. ఎవులో తలుపు కొంచెం తీసినారు. నోటి మీద ఏలెట్టినారు. మళ్లీ మూసీసినారు. మాయన మళ్లలోకి దూకినాడు ఆడోళ్లని లేపుకొద్దామని. వాడూ రాలేదు. పదకొండు కాదే, పన్నెండుమంది. వాణ్ని ఎవులూ లెక్కెట్టలేదు."

"తలుపు తీసిందెవరు?"

పైడమ్మ నా వైపు వింతగా చూసింది. నేను నాటకమాడుతున్నానా అని చూసింది. ఆడడం లేదని తెలిశాక ఆమె ముఖం మారిపోయింది.

"నువ్వేనే," అంది.

అబద్ధమని అరిచాను. ముసలిదానివై మతి పోయిందన్నాను. పడవ దాకా ఆగకుండా నడిచాను. మడుగు మధ్యలో ఉండగా నా కుడిచేతి బొటనవేలికి శాల తలుపు గడియ తగిలినట్టయింది. అది పైకెత్తి పక్కకి తోస్తే గానీ రాదు, అంచు గరుకు, వేలికి గీసుకుంటుంది. ఆ తలుపు తీసేది ద్వారపాలకులు, ఆ గడియను నేను ముట్టుకున్నట్టు గుర్తే లేదు. మరి నా వేలికి ఎలా తెలుసు?

ఎండకారు, 34వ రోజు

తెల్లవారగానే వేదాద్రి గారి ముందు నిలబడ్డాను. కూర్చోమన్నారు, కూర్చోలేదు.

"ఆ రోజు తలుపు తీసింది నేనేనా?"

ఆయన చేతిలోని తమలపాకు పక్కన పెట్టారు. "పైడమ్మ దగ్గరికి వెళ్లావన్నమాట."

"నేనేనా కాదా?"

"నువ్వే. తలుపు తీసి నా వైపు చూశావు. నేను తల అడ్డంగా ఊపాను, నువ్వు మూశావు. మొదటిసారి పళ్లెం ముందు కూర్చున్నప్పుడు ఇదంతా చెప్పావు కూడా. 'గంట మోగలేదు, నేనే తలుపు మూశాను' అని. మూడు రోజులుగా అన్నం ముట్టలేదు నువ్వు. ఆ పళ్లెం పారబోయించాను. మర్నాడు 'గంట వినిపించలేదు' అని చెప్పించాను. వినగా వినగా అదే నీకు నిజమైంది. ఆ తర్వాతే అన్నం తిన్నావు. నీ మేలు కోసమే చేశానమ్మా."

ఆయన గొంతులో నిజంగానే దయ ఉంది. అదే నాకు భరించరాకుండా అనిపించింది.

"మీ గురువు గారి కథ ఆ రోజు నిలిచిందాండీ?" అని అడిగాను.

"నిలిచింది. ఒకటో గదిలో మొదటి గూడు."

"నిరుడే మూగబోయింది. నేనే రాశాను. ఆ పేజీ కూడా చింపారా?"

ఆయన లేచి చెప్పులు వేసుకున్నారు.

చావు లేని కథ ఒకటి కావాలని, రెండు మెట్లెక్కి గంట తాడు లాగకుండా పన్నెండుమందిని చంపుకున్నాం. ఆ కథ పదహారేళ్లు కూడా బతకలేదు. నేను చేసిన పాపాన్ని కూడా నా దగ్గర లేకుండా తీసేసి, దాని బదులు ఓర్పుగల ఇల్లాలిని ఇచ్చారు. నేను తలవంచి పుచ్చుకున్నాను.

"జంట పున్నమికి వస్తావా, ఇంకొకరిని చూసుకోమంటావా?" అని అడిగారు.

"వస్తాను," అన్నాను.

ఎండకారు, 47వ రోజు

రోజూ మామూలుగానే తుడుస్తున్నాను. శాల పుస్తకంలో 'స్పష్టం' అని నేనే రాసేస్తున్నాను, వాళ్లకి శ్రమ ఎందుకు? ఈ పుస్తకంలో మాత్రం గూటి సంఖ్య, ఇంటిపేరు, మూగబోయిన రోజు ఎక్కిస్తున్నాను. వెయ్యీ నలభై రెండు.

వంతుకి వచ్చినవాళ్లలో మూగపలుకు ఉన్నవాళ్లని ద్వారం దగ్గరే ఆపేయమని పైనుంచి ఆజ్ఞ. "ఇవాళ తేమ ఎక్కువ, పై ఏడాది రండి" అనాలట. కొర్లయ్య అనే చాకలాయన రెండేళ్లుగా తిరుగుతున్నాడు, కొడుకు గొంతు వినడానికి. చచ్చిపోయే ముందు ఆ పిల్లాడు తన కథ తానే చెప్పుకున్నాడు. ఇవాళ కూడా తేమే అన్నాను. "అలాగేనమ్మా, తేమ తగలనీకండి, జాగర్త," అని దణ్ణం పెట్టి వెళ్లాడు.



ఎండకారు, 58వ రోజు

ముత్యాలు ఇంటికి వెళ్లి తలుపు సంగతి చెప్పాను. ఊరంతా వినేముందు అది నా దగ్గర వినాలి.

అది అన్నం కలుపుతోంది. చెయ్యి పళ్లెంలోనే ఉండిపోయింది. "అమ్మ అక్కడుందని నీకు తెల్సా అప్పుడు?" అని అడిగింది.

"తెలుసు. రోజూ వెళ్లేది కదా."

"తెల్సి మూసినావా?"

"పోటు పెద్దదని అనుకోలేదు. చప్పుడు కూడదు అన్నదొక్కటే తెలుసు."

"లేచి పో," అంది. కేకేయలేదు. "నాను కనీదాకా నా కళ్లబడకు."

ఎండకారు, 61వ రోజు

నిన్న జంట పున్నమి. జరిగింది జరిగినట్టు రాస్తున్నాను.

మధ్యాహ్నానికి శాల ముంగిలి నిండిపోయింది. నడుమ వేదిక, దాని మీద ఉప్పునీళ్ల పళ్లెం, పక్కన నాకు పీట. పళ్లెంలో నీళ్లు పోశాక వేదాద్రి గారు చెయ్యి ఎత్తారు. ఆ చెయ్యి ఎత్తితే ఇంక నిశ్శబ్దం. కథ చెప్పే గొంతు తప్ప ఇంకో చప్పుడు తగిలితే ఆ పళ్లెం పాడైపోయినట్టే. చంటిపిల్లల్ని కూడా ముందే ఇళ్లకి పంపేస్తారు. నాలుగైదు వందల మంది ఊపిరి బిగబట్టి నిలబడ్డారు.

నేను పీట మీద కూర్చోలేదు. లోపలికి వెళ్లి, పొద్దున్నే గంపల్లో సర్ది ఉంచిన మూగపలుకుల్ని ముంగిట్లోకి తెచ్చాను. ఆరు గంపలు, ఆరుసార్లు. చప్పుడు చేయకుండా దించాను. పుస్తకం చూసుకుంటూ, ముఖాలు వెతుక్కుంటూ, ఎవరి పలుకు వాళ్ల చేతుల్లో పెట్టడం మొదలుపెట్టాను. కొర్లయ్య చేతుల్లో మొదట పెట్టాను.

ద్వారపాలకులు నా వైపు రెండడుగులు వేసి ఆగిపోయారు. పట్టుకుంటే చప్పుడవుతుంది. వాళ్లు వేదాద్రి గారి వైపు చూశారు. ఆయన వేళ్లతో సైగలు చేశారు. ఎవరికీ అర్థం కాలేదు.

వంతు లేకుండానే పలుకు చేతికి వచ్చిందని మొదట అందరి ముఖాలూ వెలిగాయి. అరచేతులు మూసుకుని చెవుల దగ్గర పెట్టుకున్నారు. నేను పంచుతూ పోయాను, వంద, రెండు వందలు. అంత నిశ్శబ్దంలో చీమ నడిచినా వినబడుతుంది. ఎక్కడా ఏ గొంతూ రాలేదు. ఒక ముసలావిడ పలుకును చెంపకి రాసుకుంటోంది. ఒకడు చొక్కా విప్పి గుండెకి అదుముకున్నాడు. కొర్లయ్య అటు తిప్పి, ఇటు తిప్పి, చివరికి దాన్ని నోటి దగ్గర పెట్టుకుని కొడుకు పేరు పెదవులతో పిలిచాడు, చప్పుడు బయటికి రాకుండా.

అప్పుడు వేదాద్రి గారే నోరు విప్పారు. "మీ చేతులు చల్లగా ఉన్నాయి! నమ్మకం లేని చేతులకి..."

"మాట్లాడారు!" అని అరిచాను. నా గొంతు అంత పెద్దదని నాకే తెలియదు. "మాట్లాడారు చూశారా! ఇవాళ మీ శాల కోసం మాట్లాడారు. పదహారేళ్ల కిందట ఇదే చెయ్యి ఎత్తి కూర్చుని, తలుపు దగ్గర మనిషి గంట కొట్టించమని ప్రాధేయపడుతుంటే ఒక్క మాట మాట్లాడలేదే! మీ పళ్లెం పాడవుతుందని పన్నెండుమందిని పోనిచ్చారు!"

ఆయన ఇచ్చిన కాగితాలు తీసి, "మాటల్లో పడి వాళ్లు వినలేదు" అన్న ముక్క చదివి వినిపించాను. చేతిరాత చూడండని ముందు వరసవాళ్లకి ఇచ్చాను. మా అమ్మ పొట్టిదని, కోపిష్టిదని, పాట రాకపోయినా పాడేదని చెప్పాను. అసిరయ్య అనే మనిషి ఉండేవాడని చెప్పాను. తలుపు మూసింది ఎవరో కూడా చెప్పాను. అది చెప్పేటప్పుడు గొంతు తగ్గుతుందేమోనని ఇంకా గట్టిగా చెప్పాను.

తర్వాత ఎవరేం చేశారో నాకు సరిగ్గా తెలియదు. గుంపు ఒక్కసారిగా వేదిక మీదికి తోసుకొచ్చింది. పళ్లెం బోర్లాపడింది. ద్వారపాలకులు వేదాద్రి గారిని మధ్యలో పెట్టుకుని లోపలికి లాక్కెళ్లారు. పలుకును చెంపకి రాసుకున్న ముసలావిడ నా దగ్గరికి వచ్చి నా చెంప మీద కొట్టింది. "ఎన్నాళ్ల నుంచి తెల్సు నీకు? ఎన్నాళ్ల నుంచి మూగరాయికి దణ్ణమెట్టించినావు నాచేత?" అంది. ఇంకోసారి కొట్టింది. నేను చెయ్యి అడ్డం పెట్టుకోలేదు.

కొర్లయ్య మాత్రం ముంగిట్లోనే కూలబడి, పక్కనున్న ఎవరో తెలియనివాడికి చెబుతున్నాడు. "మావోడికి ఈత రాదు గానీ ఒచ్చని సెప్పుకునీవోడు..." మధ్యలో ఆగి, గుర్తుచేసుకుని, మళ్లీ చెబుతున్నాడు.

వానకారు, 9వ రోజు

శాల మూసి ఉంది. వేదాద్రి గారు ఎగువ ఊరికి వెళ్లిపోయారు, అక్కడ కొత్త శాల కడతారట. ఆయనతో పాతికమంది దాకా వెళ్లారు. వెళ్లినవాళ్లలో నాతో కలిసి గూళ్లు తుడిచినవాళ్లు ఉన్నారు. అక్కడ మళ్లీ పళ్లేలు పోస్తారు, మళ్లీ చెయ్యి ఎత్తుతారు. 

నేనుండే కంచరివీధిలో నాకు ఎవరూ నీళ్లు కూడా ఇవ్వరు. ఉప్పు కొఠారులో బస్తాలు కుట్టే పని దొరికింది. ముత్యాలుకి ఆడపిల్ల పుట్టిందని అక్కడివాళ్ల మాటల్లో విన్నాను. నాకు కబురు రాలేదు.

ఊరంతా పన్నెండుమంది కథే. ఒక్కొక్కరూ ఒక్కో రకంగా చెబుతున్నారు. కొఠారులో ఒకావిడ మా అమ్మను ఆరడుగుల మనిషిని చేసి, ఇద్దరు పిల్లల్ని చెరో చంకనా వేసుకుని ఈదించింది. తలుపు మూసినదానికి గాడిద గొంతు పెట్టింది. నేను బస్తా కుడుతూ విన్నాను. మా అమ్మ పొట్టిదని మాత్రం చెప్పాను. "నీకేటి తెల్సు?" అంది.

వానకారు, 14వ రోజు

అవతలి ఒడ్డువాళ్లని రానిస్తున్నారు. పైడమ్మ నిన్న వచ్చింది. తన పాత ఇంట్లో ఎవరో కాపురముంటే వాళ్లతో పొద్దంతా పోట్లాడి, వసారా సంపాదించింది. సాయంత్రం నేను పని ముగించుకుని వస్తుంటే వీధిలో ఆపింది.

క్షమించమని అడగబోయాను. "అదొద్దు, అదేటి సేసుకుంటాను?" అంది. వసారాలో కూర్చోబెట్టింది. తను నిలబడే ఉంది. పైట చెంగు వేలికి చుట్టుకుంది, విప్పుకుంది, మళ్లీ చుట్టుకుంది.

"ఆ దినం నాను మెట్ల కాడ ఉన్నాను కదా," అంది చివరికి. "మాయన ఈపే కనబడినాది నాకు. అటు నుంచి అటే మళ్లలోకి పోయినాడు. ముఖం నువ్వొక్కదానివే సూసినావు. ఎలాగున్నాడు?"

పలుకులో ఇది లేదు. నేనెప్పుడూ ఎవరికీ చెప్పలేదు. మడుగు మధ్యలో గడియ గుర్తొచ్చిన రోజు నుంచీ ఆ ముఖం నా కళ్లముందే ఉంది, ఈ పుస్తకంలో కూడా రాయడానికి ధైర్యం చాల్లేదు.

"నడుం దాకా తడిసిపోయి ఉన్నాడత్తా. రొప్పుతున్నాడు. 'గంట, గంట' అన్నాడు. నేను నోటి మీద వేలు పెట్టాను. లోపల చెప్పి కొట్టిస్తానని అనుకున్నాడు. 'సరే తల్లీ, బేగి కొట్టించు' అన్నాడు. అని నవ్వాడు. నవ్వుతూనే వెనక్కి తిరిగాడు."

పైడమ్మ ముఖం ఎర్రబడిపోయింది. నన్ను కొడుతుందనుకున్నాను. స్తంభాన్ని అరచేత్తో దబదబా బాదింది.

"ఎర్రి ఎదవ," అంది. "ఎవుల్ని పడితే వోళ్లని నమ్మీసీవోడు. నా మాట ఒక్కటి ఇన్నాడు కాదు. ఎర్రి ఎదవ, ఎర్రి ఎదవ." తిడుతూ తిడుతూ నా పక్కన కూలబడింది. ముక్కు చీది, పైటతో కళ్లు తుడుచుకుంది.

"ఏటన్నాడూ? ఇంకోపాలి సెప్పు," అంది.